సోమశిల తీరం నుండి ప్లైవుడ్ విపణి వరకు: కలప ఉత్పత్తి, వినియోగం, వాణిజ్యంలో ప్రాంతీయ ధోరణులు

ప్రత్యేక వ్యాసం

నాగర్‌కర్నూల్ జిల్లా కొల్లాపూర్ మండలంలోని సోమశిల గ్రామం శ్రీశైలం జలాశయపు వెనుక జలాల ఒడ్డున, నల్లమల అడవుల అంచున ఉన్నది. ఒక వైపు పులుల అభయారణ్యం, మరొక వైపు కృష్ణానది, వెనుక మామిడి తోటలు మరియు మెట్ట భూములు గల ఈ ప్రాంతంలో ప్లైవుడ్ కర్మాగారం లేదు. అయినప్పటికీ దేశ ప్లైవుడ్ రంగంలో గత మూడు దశాబ్దాలుగా వచ్చిన మార్పులు ఈ ప్రాంత రైతు తన మెట్ట భూమిలో ఏ చెట్టు నాటాలి, దానిని ఎవరికి అమ్మాలి అనే నిర్ణయంపై నేరుగా ప్రభావం చూపుతున్నాయి. ఈ నేపథ్యంలో ప్లైవుడ్ ఉత్పత్తి, వినియోగం, వాణిజ్యంలో ప్రాంతీయ ధోరణులను పరిశీలించడం అవసరం.

అడవి నుండి పొలానికి మారిన ముడిసరుకు

భారతదేశంలో ప్లైవుడ్ పరిశ్రమ 20వ శతాబ్ది తొలి దశకాలలో అస్సాంలో తేయాకు పెట్టెల తయారీ కొరకు ఆరంభమైంది. అనంతరం ఈశాన్య రాష్ట్రాలు, పశ్చిమ కనుమల అడవులు ఈ పరిశ్రమకు ప్రధాన ఆధారంగా నిలిచాయి. 1988 నాటి జాతీయ అటవీ విధానం ఈ పరిస్థితిని మార్చవలసినదిగా నిర్దేశించింది. కలప ఆధారిత పరిశ్రమలు సహజ అడవులపై ఆధారపడరాదని, తమకు కావలసిన కలపను రైతుల సహకారంతో పెంపొందించుకోవాలని ఆ విధానం పేర్కొన్నది.

గోదావర్మన్ తిరుమల్పాడ్ కేసులో సుప్రీంకోర్టు 1996 డిసెంబరు 12న జారీ చేసిన ఉత్తర్వులు ఈ రంగాన్ని మలుపు తిప్పాయి. అడవులలో చెట్ల నరికివేతపై, ఈశాన్య రాష్ట్రాల నుండి కలప తరలింపుపై కఠినమైన ఆంక్షలు అమలులోకి వచ్చాయి. అనుమతి లేని రంపపు మిల్లులు, వెనీర్ మరియు ప్లైవుడ్ యూనిట్లు మూతపడ్డాయి. ఫలితంగా పరిశ్రమ అడవి ఉన్న చోటి నుండి రైతు చెట్లు పెంచుతున్న చోటికి తరలివెళ్లింది. హర్యానాలోని యమునానగర్ పాప్లర్ మరియు జామాయిల్ కలపతోను, కేరళలోని పెరుంబావూరు రబ్బరు చెట్ల కలపతోను, గుజరాత్‌లోని గాంధీధామ్ ఓడరేవు ద్వారా వచ్చే విదేశీ దుంగలతోను ప్రధాన కేంద్రాలుగా ఎదిగాయి.

పాప్లర్ చెట్టుకు చల్లని శీతాకాలం అవసరం. రబ్బరుకు అధిక వర్షపాతం కావాలి. పాలమూరు ప్రాంతపు వాతావరణం ఈ రెండింటికీ అనువైనది కాదు. కావున ఇక్కడి రైతుకు జామాయిల్, సుబాబుల్, సరుగుడు, మలబారు వేప వంటి జాతులే మిగిలి ఉన్నాయి. వీటిలో జామాయిల్, మలబారు వేప ప్లైవుడ్‌కు, సుబాబుల్ మరియు సరుగుడు ప్రధానంగా కాగితపు గుజ్జుకు, ఎం.డి.ఎఫ్. బోర్డులకు ఉపయోగపడతాయి. కాపు ఉడిగిన మామిడి చెట్ల కలప కూడా పెట్టెల తయారీకి, ప్లైవుడ్ లోపలి పొరలకు పనికివస్తుంది. కొల్లాపూర్ ప్రాంతం మామిడి తోటలకు ప్రసిద్ధి చెందినది కావడం ఈ సందర్భంగా గమనార్హం.

తయారీ విధానం, కలప అవసరం

ప్లైవుడ్ తయారీలో దుంగను నానబెట్టి లేదా ఉడికించి, లేతు యంత్రంపై తిప్పుతూ పలుచని పొరలుగా ఒలుస్తారు. ఈ పొరలను వెనీర్ అంటారు. వాటిని ఆరబెట్టి, జిగురు పూసి, ఒక పొర నార నిలువుగాను మరొక పొర నార అడ్డంగాను ఉండేటట్లు పేర్చి, వేడి ప్రెస్సులో అదుముతారు. నార దిశలు ఒకదానికొకటి అడ్డంగా ఉండడం వల్లనే పలక వంగకుండా, చీలకుండా నిలుస్తుంది.

విపణిలో సాధారణంగా లభించే 8 అడుగుల పొడవు, 4 అడుగుల వెడల్పు, 18 మిల్లీమీటర్ల మందం గల పలక ఘనపరిమాణం 0.053 ఘనపు మీటర్లు. అనగా ఒక ఘనపు మీటరు ప్లైవుడ్‌లో ఇటువంటి పలకలు 18 నుండి 19 వరకు ఉంటాయి. ఒలిచిన తరువాత మిగిలే నడిమి కర్ర, అంచుల కోత, ఆరబెట్టినప్పుడు కలిగే కుదింపు మొదలైన నష్టాల కారణంగా ఒక ఘనపు మీటరు ప్లైవుడ్‌కు సుమారు రెండు ఘనపు మీటర్ల దుంగలు అవసరమవుతాయి. ఈ లెక్కన దుంగ ధరలో స్వల్ప పెరుగుదల కూడా పలక ధరపై గణనీయంగా ప్రతిఫలిస్తుంది.

పూర్వం లావైన దుంగలు మాత్రమే ఒలవడానికి వీలయ్యేది. కుదురు లేకుండా దుంగను రోలర్ల మధ్య తిప్పే లేతు యంత్రాలు వాడుకలోకి వచ్చిన తరువాత సన్నని దుంగలు కూడా ప్లైవుడ్‌కు పనికివస్తున్నాయి. అయిదారేండ్ల వయసు గల పొలపు చెట్లకు ప్లైవుడ్ విపణి తెరుచుకొనడానికి ఇది ప్రధాన కారణం.

ఒకే కలపకు పలువురు కొనుగోలుదారులు

ఆంధ్రప్రదేశ్, తెలంగాణ రాష్ట్రాలలో పొలపు కలపకు చిరకాలంగా కాగితపు మిల్లులే పెద్ద కొనుగోలుదారులు. భద్రాచలం వద్ద సారపాకలోని పేపర్ బోర్డు కర్మాగారం, రాజమహేంద్రవరంలోని కాగితపు మిల్లు, సిర్పూర్ కాగజ్‌నగర్ మిల్లు ఈ కోవలోనివి. ఈ మిల్లులలో ఏ ఒక్కటి నిలిచినా రైతుపై పడే ప్రభావం తీవ్రంగా ఉంటుంది. సిర్పూర్ మిల్లు 2014లో మూతపడి 2018లో తిరిగి ప్రారంభమైంది. ములుగు జిల్లా కమలాపురంలోని రేయాన్ గుజ్జు కర్మాగారం 2014లో ఉత్పత్తి నిలిపివేసింది. చెట్టు కోతకు వచ్చిన ఏడాదిలోనే మిల్లు మూతపడితే రైతు వేచి ఉండడమో, తక్కువ ధరకు అమ్ముకొనడమో తప్ప మార్గం ఉండదు.

ఇటీవలి కాలంలో ఎం.డి.ఎఫ్. కర్మాగారాలు కూడా రంగప్రవేశం చేశాయి. కలపను నారగా మార్చి జిగురుతో అదిమి చేసే ఈ బోర్డుకు సన్నని కర్ర, కొమ్మలు సైతం పనికివస్తాయి. చిత్తూరు ప్రాంతంలో శ్రీకాళహస్తి సమీపాన ఇటువంటి కర్మాగారం 2018లో ఉత్పత్తి ప్రారంభించింది. కడప జిల్లా బద్వేలు సమీపంలోని గోపవరం వద్ద మరొక సంస్థకు 2021 డిసెంబరులో శంకుస్థాపన జరిగింది.

కొనుగోలుదారులు పెరిగిన కొద్దీ కలపను తరగతులుగా విభజించి అమ్మడం రైతుకు లాభదాయకం. చెట్టు మొదలులోని లావుపాటి, నిటారైన భాగం ప్లైవుడ్‌కు, మధ్య భాగం కాగితానికి లేదా ఎం.డి.ఎఫ్.కు, కొమ్మలు వంటచెరకుకు వేర్వేరు ధరలు పలుకుతాయి. చేను మొత్తాన్ని గుత్తగా అమ్మిన రైతుకు ఈ వ్యత్యాసం దక్కదు. లావును బట్టి విడదీసే పని దళారి చేస్తే లాభం కూడా దళారికే చేరుతుంది.

సోమశిల ప్రాంతపు ప్రత్యేక పరిస్థితులు

సోమశిల పరిసరాలలో కలప ఆధారిత అభివృద్ధిని ఆలోచించేటప్పుడు మూడు అంశాలను దృష్టిలో ఉంచుకొనవలసి ఉన్నది.

మొదటిది అడవి. నల్లమలలోని అమ్రాబాద్ పులుల అభయారణ్యం విస్తీర్ణం సుమారు 2,611 చదరపు కిలోమీటర్లు. ఈ అడవిలోని టేకు, నల్లమద్ది, వెదురు పరిశ్రమ ముడిసరుకు కావు. చెంచులకు 2006 నాటి అటవీ హక్కుల చట్టం ప్రకారం చిన్నతరహా అటవీ ఉత్పత్తులపై హక్కులు ఉన్నవి. కేంద్ర ప్రభుత్వం 2016 నవంబరులో జారీ చేసిన కలప ఆధారిత పరిశ్రమల మార్గదర్శకాలు రాష్ట్ర స్థాయి కమిటీ అనుమతిని నిర్దేశించడంతో పాటు అడవి సరిహద్దులకు సమీపాన కొత్త యూనిట్లపై ఆంక్షలు విధించాయి. పారిశ్రామిక వాడలకు, పురపాలక ప్రాంతాలకు సడలింపు ఇచ్చాయి. కావున సోమశిల పాత్ర కర్మాగారం కాదు, పొలపు కలప ఉత్పత్తి మాత్రమే కాగలదు. పొలంలో పెంచిన కలపకు, అడవి నుండి దొంగచాటుగా తెచ్చిన కలపకు మధ్య తేడాను పత్రాల ద్వారా నిరూపించగలగడం ఇక్కడ అత్యంత కీలకం. 2023 డిసెంబరు 29న దేశవ్యాప్తంగా ప్రారంభమైన జాతీయ రవాణా అనుమతి విధానం ద్వారా రాష్ట్రాల మధ్య కలప తరలింపునకు ఆన్‌లైన్‌లో అనుమతి పొందే వీలు కలిగింది.

రెండవది నీరు. మహాత్మాగాంధీ కల్వకుర్తి ఎత్తిపోతల పథకం, పాలమూరు-రంగారెడ్డి ఎత్తిపోతల పథకం రెండూ కొల్లాపూర్ ప్రాంతంలోని శ్రీశైలం వెనుక జలాల నుండే నీటిని తీసుకొనే విధంగా రూపొందాయి. కాలువ నీరు అందిన భూమిలో రైతు వరి, వేరుశనగ, కూరగాయలు వేయడానికి మొగ్గు చూపడం సహజం. చెట్ల పెంపకం నీరందని మెట్ట భూములకు, పొలం గట్లకు పరిమితమవుతుంది. జామాయిల్ భూగర్భ జలాలపై చూపే ప్రభావం పట్ల ఆందోళనలు ఉన్నవి. పొరుగున ఉన్న కర్ణాటక ప్రభుత్వం 2017లో జామాయిల్ కొత్త తోటలను నిషేధించింది. అందువలన చేనంతటా జామాయిల్ వేయుటకంటె గట్ల వెంబడి మలబారు వేప వంటి జాతులను పంటలతో కలిపి పెంచే పద్ధతి ఈ ప్రాంతానికి అనువుగా ఉంటుంది. 2014 నాటి జాతీయ వ్యవసాయ అటవీ విధానం కూడా ఈ పద్ధతినే ప్రోత్సహించింది.

మూడవది రవాణా. పచ్చి దుంగ బరువులో గణనీయమైన భాగం నీరే. కోసిన తరువాత రోజులు గడిచిన కొద్దీ బరువు తగ్గి, పగుళ్లు వచ్చి, ఒలవడానికి పనికిరాకుండా పోతుంది. కావున దూరం పెరిగిన ప్రతి కిలోమీటరు రైతు ధర నుండే కోతపడుతుంది. సోమశిలకు ఎదురుగా కృష్ణ ఆవలి ఒడ్డున నంద్యాల జిల్లా ఉన్నప్పటికీ లారీలు బీచుపల్లి వంతెన మీదుగా కర్నూలు చుట్టి వెళ్లవలసి వస్తున్నది. శ్రీశైలం మార్గం పులుల అభయారణ్యం గుండా సాగుతుంది, రాత్రివేళ రాకపోకలపై ఆంక్షలు ఉన్నవి. కల్వకుర్తి నుండి నాగర్‌కర్నూల్, కొల్లాపూర్, సోమశిల మీదుగా నంద్యాల వైపు సాగే 167-కె జాతీయ రహదారిలో భాగంగా సోమశిల-సిద్ధేశ్వరం వంతెనకు 2022లో కేంద్ర ప్రభుత్వం సుమారు 1,082 కోట్ల రూపాయల అంచనాతో ఆమోదం తెలిపింది. ఈ వంతెన పూర్తయిన పక్షంలో నంద్యాల, ఆళ్లగడ్డ, మైదుకూరు మీదుగా బద్వేలు దిశగా సోమశిల ప్రాంతపు కలపకు దగ్గరి దారి ఏర్పడుతుంది. అనగా ఇక్కడి రైతుకు ఉత్తరాన హైదరాబాద్‌తో పాటు దక్షిణాన రెండవ విపణి లభిస్తుంది.

వినియోగం, నాణ్యత

తెలంగాణలో ప్లైవుడ్ వినియోగానికి హైదరాబాద్ మహానగరమే కేంద్రం. గృహోపకరణాలు, వంటగది అరలు, తలుపులు, కార్యాలయాల అలంకరణతో పాటు బహుళ అంతస్తుల భవనాల స్లాబులకు సెంట్రింగ్ పనిలో ప్లైవుడ్ విరివిగా వాడుతున్నారు. దేశవ్యాప్తంగా ప్రాజెక్టుల నిర్మాణంలో శ్రమించిన పాలమూరు కూలీలకు ఈ పలకలు చిరపరిచితమైనవే.

నాణ్యతను జిగురు నిర్ణయిస్తుంది. భారతీయ ప్రమాణాల ప్రకారం సాధారణ రకానికి 60 డిగ్రీల వేడినీటిలో 3 గంటలు, నీటిని తట్టుకొనే రకానికి మరిగే నీటిలో 8 గంటలు, ఐ.ఎస్. 710 కిందికి వచ్చే మెరైన్ రకానికి మరిగే నీటిలో 72 గంటల పరీక్ష సంప్రదాయంగా నిర్దేశించబడింది. యూరియా జిగురుతో చేసిన సాధారణ పలకను తడి తగిలే చోట వాడితే పొరలు విడిపోతాయి. కేంద్ర ప్రభుత్వం ప్లైవుడ్‌కు బి.ఐ.ఎస్. ధ్రువీకరణను తప్పనిసరి చేస్తూ నాణ్యతా నియంత్రణ ఉత్తర్వులు జారీ చేసింది. ప్రభుత్వ పాఠశాలలు, వసతి గృహాల సామగ్రి కొనుగోలులో ధరతో పాటు పలకపై గల ఐ.ఎస్. సంఖ్యను, రకాన్ని సరిచూడడం ప్రజాధనం వృథా కాకుండా కాపాడుతుంది.

వాణిజ్య ధోరణులు

పలక పైపొరకు వాడే గుర్జన్ కలపకు మయన్మార్ ప్రధాన ఆధారంగా ఉండేది. 2014 ఏప్రిల్ 1 నుండి ఆ దేశం దుంగల ఎగుమతిని నిషేధించడంతో పరిశ్రమ ఆఫ్రికాకు చెందిన ఒకుమే వంటి ప్రత్యామ్నాయాలను ఆశ్రయించింది. ఒకుమేకు పుట్టిల్లయిన గాబన్ దేశం కూడా 2010లోనే దుంగల ఎగుమతిని నిలిపివేసి, ఒలిచిన పొరలనే అమ్ముతున్నది. కలప ఉన్న దేశం దుంగను కాక విలువ జోడించిన సరుకును అమ్మజూపడం ప్రపంచవ్యాప్త ధోరణి. మరొక వైపు వియత్నాం, నేపాల్ వంటి దేశాల నుండి తయారైన పలకలు దిగుమతి అవుతూ దేశీయ యూనిట్లకు పోటీ ఇస్తున్నాయి. 2017 నవంబరులో ప్లైవుడ్‌పై జి.ఎస్.టి. 28 శాతం నుండి 18 శాతానికి తగ్గింది.

ఈ ధోరణులన్నింటి సారం ఒక్కటే. ప్లైవుడ్ భవిష్యత్తు అడవిపై కాక రైతు పొలంపై ఆధారపడి ఉన్నది. సోమశిల వంటి ప్రాంతాలలో మేలురకం మొక్కల సరఫరా, లావును బట్టి దుంగల విభజన, సక్రమమైన రవాణా పత్రాలు, ఒకటికి మించిన కొనుగోలుదారులు సమకూరినప్పుడే ఆరేండ్లు చెట్టును సాకిన రైతుకు తగిన ప్రతిఫలం దక్కుతుంది. కలప విలువ పొలంలో పెరిగిన కొద్దీ నల్లమలపై ఒత్తిడి తగ్గే అవకాశం ఉన్నది. అటవీ, వ్యవసాయ, పరిశ్రమల, రహదారుల శాఖలు సమన్వయంతో పరిశీలించవలసిన అంశమిది.