గాలి యంత్రం ఉంది, ఫిల్టరు ఎప్పుడు మార్చారు?

గత డిసెంబరులో ఒక రాత్రి ఇషా నమాజు ముగించుకొని ఇంటికి వచ్చేసరికి మా మనుమరాలు మంచం మీద కూర్చొని ఆయాసపడుతూ ఉంది. ఏడేళ్ల పిల్ల. పడుకుంటే ఊపిరి ఆడడం లేదని దిండుకు ఆనుకొని కూర్చుంది. ఛాతీలోంచి పిల్లికూతలు వినిపిస్తున్నాయి. మంచానికి మూరెడు దూరంలో, మూడేళ్ల క్రితం మా అబ్బాయి ఢిల్లీ నుంచి పంపిన ఎయిర్ ప్యూరిఫైయర్ పచ్చదీపం వెలిగించుకొని తన మానాన తాను తిరుగుతూనే ఉంది.

మా అబ్బాయి ఉద్యోగరీత్యా ఢిల్లీలో ఉంటాడు. అక్కడి చలికాలపు పొగలో పిల్లకు ఉబ్బసం ముదురుతున్నదని వైద్యులు చెప్పగా, తల్లిదండ్రులు గుండె రాయి చేసుకొని ఆమెను ప్రత్తిపాడులో మా వద్ద ఉంచారు. పల్లె గాలి మంచి గాలి అన్నది అతని నమ్మకం. నా నమ్మకమూ అదే. యంత్రాన్ని కేవలం ముందుజాగ్రత్తగా పంపాడు.

మరునాడు గుంటూరులో పిల్లను పరీక్షించిన డాక్టరుగారు మందులు రాయడానికి ముందు నన్ను రెండు ప్రశ్నలు అడిగారు. ఇంట్లో ఏమేమి కాలుస్తారు? యంత్రంలో ఫిల్టరు ఎప్పుడు మార్చారు? ముప్పై ఏళ్లుగా మద్రసాలో పిల్లలను ప్రశ్నలు అడుగుతూ వచ్చిన నేను మొదటి ప్రశ్నకు తడబడ్డాను. రెండవదానికి నా వద్ద జవాబే లేదు. అందులో మార్చవలసిన వస్తువు ఒకటి ఉంటుందన్న సంగతే నాకు తెలియదు.

ఇంటికి వచ్చాక మా విద్యార్థి ఒకడు "హజ్రత్, వెనుక మూత తీయాలి" అంటూ విప్పి చూపించాడు. ముందుండే జాలీ మీద దూది నూగు దుప్పటిలా అట్టకట్టి ఉంది. అందులో అక్కడక్కడ ఎర్రని మిరప పొడి. ఊరి పేరులోనే ప్రత్తి ఉన్నదాయె! జాలీ వెనుక మడతలు మడతలుగా ఉన్న అసలు ఫిల్టరు ఒకప్పుడు తెల్లగా ఉండేదట. మేము చూసేసరికి మసిగుడ్డ రంగులో ఉంది.

కొత్త ఫిల్టరు ధర విచారించాను. యంత్రం ధరలో దాదాపు నాలుగవ వంతు. మా శ్రీమతి వెంటనే అభ్యంతరం చెప్పింది. "ఏమండీ, చేజేతులా పారేస్తే ఇస్రాఫ్ కాదా? సబ్బు నీటిలో జాడించి డాబా మీద ఆరేస్తే సరిపోతుంది." అన్నట్లుగానే జాడించి ఆరేసింది. చూపుకు శుభ్రమైంది. కాని మడతలు ఒకదానికొకటి అంటుకుపోయాయి, చట్రం దగ్గర జిగురు ఊడింది. ఆమె పొదుపును నేను తప్పుపట్టను. నా జీతంతో ఇన్నేళ్లు ఇల్లు గడిచింది ఆ పొదుపు వల్లనే. అయితే ఈ వస్తువు విషయంలో ఆ పొదుపు ఎందుకు పనికిరాలేదో తెలుసుకోవాలనిపించింది. తెలిసినవారిని అడిగి, చదివి గ్రహించినది పాఠకుల ముందు ఉంచుతున్నాను.

హెపా అని పిలిచే ఈ వడపోత సాధనం రెండవ ప్రపంచ యుద్ధకాలంలో, అమెరికా అణుబాంబు తయారీ కార్యక్రమంలో రేడియోధార్మిక ధూళిని ఆపడానికి రూపుదిద్దుకుంది. దీనిని జల్లెడ అనుకోవడం పొరపాటు. జల్లెడ కన్నానికంటే పెద్దదానిని ఆపుతుంది, చిన్నదానిని వదులుతుంది. ఇది అలా పనిచేయదు. సన్నని పోగులు చిందరవందరగా అల్లుకున్న అడవి వంటిది ఇది. గాలి ఆ పోగుల పక్కగా మెలికలు తిరుగుతూ పోతుంది. బరువైన రేణువులు ఆ మెలిక తిరగలేక పోగుకు తగిలి అంటుకుంటాయి. అతి సూక్ష్మమైనవి గాలిలో ఇటూ అటూ తూలుతూ ఏదో ఒక పోగుకు చిక్కుతాయి. రెండింటికీ నడుమ, సుమారు 0.3 మైక్రాన్ల పరిమాణం గలవి పట్టుకోవడానికి అన్నింటికంటే కష్టమైనవి. అందుకే పరీక్ష అక్కడ పెట్టారు: ఆ పరిమాణపు రేణువులను నూటికి 99.97 పాళ్లు ఆపగలిగినదే హెపా అన్నది అమెరికా ప్రమాణం. మన తల వెంట్రుక మందం సుమారు 70 మైక్రాన్లు. ఊపిరితిత్తుల లోతట్టు వరకు చేరి హాని చేసే పొగ రేణువులు 2.5 మైక్రాన్ల లోపువి.

మాసిన ఫిల్టరు మురికిని వదిలేస్తుందని నేను అనుకున్నాను. అది పూర్తిగా నిజం కాదు. ధూళి పేరుకున్నకొద్దీ సందులు పూడుకుపోతాయి కనుక, తన గుండా పోయిన గాలిని అది బాగానే వడపోయవచ్చు. చిక్కంతా పోయే గాలి తగ్గిపోవడంలో ఉంది. గంటకు నాలుగైదు మార్లు గది గాలినంతా తిప్పవలసిన యంత్రం, ఫిల్టరు పూడుకున్నాక అందులో కొద్ది భాగమే తిప్పుతుంది. ఫంకా చప్పుడు మాత్రం అలాగే ఉంటుంది, ఒక్కోసారి పెరుగుతుంది కూడా. పైగా ఇళ్లలో వాడే చాలా ఫిల్టర్ల పోగులకు స్థిర విద్యుదావేశం ఇచ్చి ఉంచుతారు. రేణువులను లాగి పట్టేది కొంతవరకు అదే. కాయిల్ పొగ, వంట నూనె పొగ పట్టేకొద్దీ ఆ శక్తి సన్నగిల్లుతుంది. సబ్బు నీటిలో జాడిస్తే పోనేపోతుంది. మా శ్రీమతి డాబా మీద ఆరేసినది అప్పటికే ప్రాణం లేని వస్తువు.

ఇక ఆ పచ్చదీపం. మా యంత్రంలో అది కరెంటు ఉన్నదని చెప్పే దీపం మాత్రమే. కొన్నింటిలో ఫిల్టరు మార్చమంటూ వేరే దీపం వెలుగుతుంది. చాలా నమూనాలలో అది నడిచిన గంటలను లెక్కిస్తుందే గాని పట్టిన మురికిని కాదు. పాత ఫిల్టరు మార్చకుండానే మీట నొక్కి ఆ దీపాన్ని ఆర్పివేసే ఇళ్లూ ఉన్నాయి.

డాక్టరుగారి మొదటి ప్రశ్నకు ఇంటికి వచ్చాక లెక్క తీశాను. వంట గ్యాసు మీదనే. కాని స్నానాల నీళ్లపొయ్యి పెరటిలో పత్తి కట్టెతో మండుతుంది. ఆ పొగ పిల్ల పడుకునే గది కిటికీ గుండానే లోపలికి వస్తుంది. ప్రతి రాత్రీ ఆ గదిలోనే దోమల కాయిల్. గురువారం సాయంత్రం లోబాన్. ఒక చేత్తో పొగ పెట్టి మరొక చేత్తో ఆ పొగను తీసే యంత్రానికి కరెంటు బిల్లు కడుతున్నామన్నమాట. ఒక్క కాయిల్ పూర్తిగా కాలితే వెలువడే సూక్ష్మ రేణువులు 75 నుంచి 137 సిగరెట్ల పొగలోని రేణువులకు సమానమని 2003లో ప్రచురితమైన ఒక పరిశోధన తేల్చింది. బీడీ ముట్టని ఇల్లు మాది. ఆ సంఖ్య చదివిన రోజు నాకు అన్నం సహించలేదు.

పొయ్యి పొగ సంగతి మన రాష్ట్రంలోనే కొలిచారు. చెన్నైలోని శ్రీ రామచంద్ర వైద్య కళాశాలకు చెందిన కల్పనా బాలకృష్ణన్ బృందం నాటి ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో నిజామాబాదు, వరంగల్లు, రంగారెడ్డి జిల్లాల పల్లెటిళ్లలో 24 గంటల పాటు గాలిని కొలిచి 2004లో ఫలితాలు ప్రకటించింది. గ్యాసు వాడే ఇళ్లలో సగటున ఘనపు మీటరుకు 73 మైక్రోగ్రాముల వరకు తక్కువగా ఉన్న ధూళి, కట్టెలు, పిడకల వంటివి కాల్చే ఇళ్లలో 732 వరకు ఎగబాకింది. పదింతలు. 1999లో దీపం పథకం, 2016లో ఉజ్జ్వల పథకం వచ్చాక మన ఊళ్లలో వంట చాలావరకు గ్యాసు మీదికి మారింది. నీళ్లపొయ్యి మాత్రం అనేక ఇళ్లలో మారలేదు. పత్తి కట్టె ఉచితంగా దొరుకుతుండగా సిలిండరుతో నీళ్లు ఎవరు కాచుతారు? ఆ ప్రశ్నలో న్యాయం ఉంది. మేము పొయ్యిని పెరటి ఆ చివరకు, గాలి వాలుకు మార్చి, అది మండే వేళ ఆ కిటికీ మూస్తున్నాము.

పల్లె గాలి మీద నాకున్న నమ్మకమూ కొంత సడలింది. మాకు ముప్పై కిలోమీటర్ల లోపే ఉన్న గుంటూరు, 2019లో కేంద్రం ప్రారంభించిన జాతీయ స్వచ్ఛ వాయు కార్యక్రమంలో, ప్రమాణాలను అందుకోని నగరాల జాబితాలో ఉంది. మా మెట్ట పొలాల్లో శీతకాలమంతా పత్తి తీతలు, జిన్నింగు మిల్లుల నూగు. ఆ వెంటనే మిరప కోతలు, కల్లాల్లో ఆరబోతలు. టిక్కీలు కట్టే రోజుల్లో వీధిలో నడిచినా పొలమారుతుంది. పంట అయిపోయాక పీకిన మోళ్లకు నిప్పు. చలికాలపు వేకువన ఆ పొగ పైకి లేవక నేలబారుగా పరుచుకొని ఉంటుంది. ఎండ కాసి నేల వేడెక్కితే గాని చెదరదు. అందువల్ల మేము ఫజ్ర్ వేళ కిటికీలు బార్లా తెరిచే పాత అలవాటు మానుకొని, నవంబరు నుంచి ఫిబ్రవరి దాకా జుహ్ర్ వేళకు తెరుస్తున్నాము. వానాకాలంలో ఈ నియమం అక్కరలేదు.

యంత్రం చేయలేని పని ఒకటి ఉంది, అది ప్రతి ఇల్లాలూ తెలుసుకోవలసినది. హెపా ఫిల్టరు రేణువులను పడుతుంది గాని వాయువులను పట్టదు. బొగ్గు పొర ఉన్న యంత్రాలు కొంత వాసనను పీల్చుకుంటాయి, ఆ పొర నిండాక అదీ ఉండదు. బొగ్గుల కుంపటి నుంచి వచ్చే కార్బన్ మోనాక్సైడును ఇవేవీ ఆపలేవు. దానికి రంగు లేదు, వాసన లేదు. బాలింత గదిలో తలుపులు బిగించి, కుంపటిలో సాంబ్రాణి వేసి తల్లీబిడ్డలకు పొగ పట్టే ఆచారం మన ఇళ్లలో ఇంకా ఉంది. పక్కన యంత్రం తిరుగుతున్నది కదా అన్న ధైర్యంతో ఆ పని చేయడం ప్రాణాలతో చెలగాటం. లోబాన్ విషయంలో పెద్దలు నొచ్చుకోవచ్చు. సువాసన ప్రీతికరమైనదే, కాదనను. పొగ లేకుండానూ సువాసన ఉంటుంది. అయితే అత్తరు ఘాటు కూడా కొందరు ఉబ్బస రోగులకు పడదు, కనుక పిల్ల గదిలో అదీ వద్దనుకున్నాము. కాయిల్ స్థానంలో దోమతెర వచ్చింది. అటక మీద ఉన్నదే, మా అమ్మ కాలం నాటిది.

ఈ మార్పుల వల్ల ఫిల్టరు ఆయుష్షు పెరుగుతుంది, ఇదే అసలైన పొదుపు. పొగ తగ్గిన ఇంట్లో ఏడాది వచ్చేది, కాయిల్ కాలే ఇంట్లో ఆరు నెలలకే పూడిపోవచ్చు. ముందరి జాలీని మాత్రం నిరభ్యంతరంగా కడగవచ్చు. పదిహేను రోజులకొకసారి నీళ్లతో కడిగి, పూర్తిగా ఆరాక పెట్టాలి. తడిగా పెడితే బూజు పడుతుంది.

కొత్తది కొనేటప్పుడు ధర ఒక్కటే చూడరాదు. నేను మొదట తెప్పించిన చవకరకం ఫిల్టరు గూటిలో వదులుగా కూర్చుంది. అంచు పక్కన వేలు దూరే సందు. గాలి ఎప్పుడూ సులువైన దారే వెతుక్కుంటుంది, వడపోత గుండా పోవడం మాని ఆ సందు గుండా పోతుంది. డబ్బు దండగైంది. రెండవసారి మా యంత్రం నమూనాకు సరిపోయేది తెప్పించాము. దాని మీద పల్చని ప్లాస్టిక్ తొడుగు ఉంటుంది, అది తీయకుండానే బిగించి నెలల తరబడి నడిపిన ఇల్లు మా బంధువులలోనే ఉంది. బాణం గుర్తు ఉంటే గాలి పోయే దిక్కుకు ఉండాలి. పాతదానిని ముక్కుకు గుడ్డ కట్టుకొని ఆరుబయట తీసి, దులపకుండా సంచిలో మూతి కట్టి, పొడి చెత్తకు ఇవ్వాలి. కాల్చరాదు, అది ప్లాస్టిక్ పోగు, అందులో ఉన్నది మనం మూడేళ్లు పీల్చకుండా మిగిల్చిన విషం.

యంత్రం లేని పాఠకులు వెంటనే కొనాలని నేను చెప్పడం లేదు. ఉబ్బస రోగి లేని ఇంటికి కాయిల్ మానడం, వంటింటికి పొగ పోయే దారి ఉంచడం, తివాచీలను గదిలో కాక బయట దులపడం ముందు చేయవలసిన పనులు. ఈ చివరిది మా మద్రసాకూ వర్తిస్తుంది. సబకు మొదలయ్యే ముందు పిల్లల మధ్యనే జానమాజులు దులిపించడం ఏళ్ల తరబడి నా అలవాటు. కొనేవారు మాత్రం గది వైశాల్యం చూసుకోవాలి: 120 చదరపు అడుగుల గదికి గంటకు కనీసం 135 ఘనపు మీటర్ల శుద్ధమైన గాలి ఇచ్చేది అవసరం, పెట్టె మీద ఆ అంకె ఉంటుంది. ఓజోన్ విడుదల చేసే యంత్రాల జోలికి పోరాదు. ఓజోన్ ఊపిరితిత్తులకే చేటు. కరెంటు ఖర్చుకు భయపడనక్కరలేదు. 50 వాట్ల యంత్రం రాత్రికి 8 గంటలు నడిస్తే నెలకు 12 యూనిట్లు.

పిల్లకు ఉబ్బసం నయమైందని చెప్పను. ఇన్‌హేలరు కొనసాగుతోంది, గాలి బాగుపడిందని దానిని మానరాదని డాక్టరుగారు గట్టిగా చెప్పారు. మార్చి నెలలో, వీధి చివర కల్లంలో మిరపకాయలు ఎర్రగా ఆరుతున్న రోజుల్లో రెండు రాత్రులు దగ్గింది. డిసెంబరులో వలె కూర్చొని తెల్లవార్చిన రాత్రి మాత్రం మళ్లీ రాలేదు.

కొత్త ఫిల్టరు చట్రం మీద బిగించిన తేదీని స్కెచ్ పెన్నుతో ఆ పిల్ల చేతనే రాయించాను. పొగ రోజులకు ముందే మార్చాలన్నది నా లెక్క, కనుక తరువాతి తేదీ అక్టోబరు చివర. జాలీ కడిగే బాధ్యత కూడా ఆమెదే. మొదటిసారి కడుగుతూ, "దాదా, మనం వుజూలో ముక్కు కడుక్కున్నట్లు దీనికీ కడగాలా?" అని అడిగింది. అవునన్నాను. అప్పటినుంచి శుక్రవారం తప్పి శుక్రవారం, నేను జుమాకు స్నానం చేసి వచ్చేసరికి జాలీ దండెం మీద ఆరుతూ ఉంటుంది.