పెనాల్టీ కిక్కులు ఎందుకు కొడతారు?

మొన్న ఆటల పోటీల్లో మన ఆడపిల్లల ఫుట్‌బాల్ జట్టు ఫైనల్లో పెనాల్టీ కిక్కుల్లో ఓడిపోయింది కదా. మన ఆఖరి కిక్కు కొట్టింది ఎనిమిదో తరగతి చెల్లి. బాలు పక్కకు పోయింది. అప్పటి నుండి మెస్సులో ఆమె ప్లేటు పట్టుకొని లైన్లో నిలబడితే చాలు, ఎక్కిరిస్తున్నారు. రెండు రోజులు సరిగ్గా అన్నం తినలేదు. ఎక్కిరించే వాళ్ళలో సగం మందికి ఆ కిక్కులు ఎందుకు కొడతారో కూడా తెలియదు. అందుకే రాస్తున్నాను.

ఫుట్‌బాల్ మ్యాచి 90 నిమిషాలు. ఎవరో ఒకరు గెలిచి తీరాల్సిన మ్యాచి సమానమైతే పెద్ద పోటీల్లో మామూలుగా ఇంకో 30 నిమిషాలు ఆడిస్తారు. అప్పటికీ తేలకపోతే జట్టుకు 5 కిక్కులు. వాళ్ళదొకటి, మనదొకటి. అవి కూడా సమానమైతే ఒక్కొక్కటి చొప్పున తేలేదాకా కొడుతూనే ఉండాలి. బాలు గోలుకు 11 మీటర్ల దూరంలో పెడతారు. గోలు వెడల్పు 7.32 మీటర్లు, ఎత్తు 2.44. మేము ఐదుగురం చేతులు చాపి పక్కపక్కన నిలబడితే గానీ ఆ వెడల్పు నిండలేదు. అంత జాగాకు గోలీ ఒక్కతే!

పూర్వం ఈ పద్ధతి లేదు. చీట్లు తీసేవాళ్ళు, లేకపోతే బొమ్మా బొరుసా వేసేవాళ్ళు. 1968లో యూరప్ కప్పు సెమీ ఫైనల్లో ఇటలీ, సోవియట్ యూనియన్ 120 నిమిషాలు ఆడినా ఒక్క గోలూ పడలేదు. నాణెం ఎగరేస్తే ఇటలీ ఫైనల్‌కు పోయింది. అంతసేపు ఉరికి ఉరికి చివరికి రూపాయి బిళ్ళ మీద ఓడిపోతే ఎట్లుంటుంది? 1970లో పెనాల్టీ కిక్కుల రూల్ పెట్టారు.

ఇప్పుడు అసలు సంగతి. అమెరికాలో పాసడీనా అనే ఊర్లో రోజ్ బౌల్ అని పెద్ద గ్రౌండు ఉంది. 1994లో మగవాళ్ళ ప్రపంచ కప్పు ఫైనల్ అక్కడే జరిగింది. బ్రెజిల్, ఇటలీ 0-0. ఇటలీ ఆఖరి కిక్కు రాబర్టో బాజియో కొట్టాడు. బాలు గోలు పైనుండి పోయింది. 3-2తో బ్రెజిల్ గెలిచింది. ఆ బాజియోనే అంతకుముందు మూడు మ్యాచిల్లో 5 గోల్స్ కొట్టి ఇటలీని ఫైనల్‌కు తెచ్చాడు!

1999లో ఆడవాళ్ళ ప్రపంచ కప్పు ఫైనల్ కూడా అదే గ్రౌండులో. చూసినవాళ్ళు 90 వేలకు పైనే. అమెరికా, చైనా, మళ్ళీ 0-0. చైనా మూడో కిక్కు లియు యింగ్ కొడితే అమెరికా గోలీ బ్రియానా స్కరీ ఆపేసింది. బ్రాండీ చస్టెయిన్ ఆఖరిది ఎడమ కాలుతో కొట్టి 5-4తో గెలిపించింది. పి.ఇ.టి. మేడం ఫోన్లో ఆ వీడియో చూపించింది. స్కరీ కిక్కు కొట్టకముందే గీత దాటి ముందుకు వచ్చేసింది. అది తప్పే. గానీ నేనూ గోలీనే, గీత మీద ఆగుడు ఎంత కష్టమో నాకు తెలుసు.

ఇంకొక మాట. మొన్న ఎదుటి జట్టు ఐదు కిక్కులూ గోలే. నేను ఒక్కటీ ఆపలేదు. నన్ను ఎవ్వరూ ఒక్క మాట అనలేదు. ఒక్కటి తప్పిన చెల్లినే అందరూ అంటున్నారు.

ఆదివారం సాయంత్రం గ్రౌండులో రాళ్ళు పెట్టి 7.32 మీటర్ల గోలు కొలిచి పెడతాం. ఎక్కిరించిన వాళ్ళు ఒక్కొక్కరు ఐదేసి కిక్కులు కొట్టండి. అందరూ చుట్టూ నిలబడి చూస్తారు. గోలులో నేనుంటాను.

– 9వ తరగతి విద్యార్థిని