జిఫాయిడ్ అంటే ఏమిటి? ఛాతీ ఎముక చివరి ‘కౌడీ’ గురించి ప్రతి ఇంట్లో తెలియాల్సిన విషయాలు

గొంతు కింద ఉండే గుంట దగ్గర వేలు పెట్టి, ఛాతీ నడిమధ్యన నెమ్మదిగా కిందికి జరపండి. గట్టి ఎముక తగులుతూ వస్తుంది. పక్కటెముకలు రెండు వైపులకూ విడిపోయే చోట ఆ ఎముక అయిపోతుంది. సరిగ్గా అక్కడ, పొట్ట మెత్తదనం మొదలయ్యే ముందు, చిన్న ముక్క ఒకటి ఉంటుంది. సన్నగా ఉన్నవాళ్లకు అది వేలికి స్పష్టంగా తెలుస్తుంది, ఒళ్లున్నవాళ్లకు తెలియకపోవచ్చు. డాక్టర్లు దాన్ని ‘జిఫాయిడ్ ప్రాసెస్’ అంటారు, ‘జిఫిస్టెర్నమ్’ అని కూడా రాస్తారు.

స్కానింగ్ రిపోర్టులోనో, డిశ్చార్జి కాగితంలోనో ఈ మాట కనిపిస్తే చాలామంది కంగారు పడతారు. ‘జైఫాయిడ్’ అని పలికేవాళ్లు కూడా ఉన్నారు కాబట్టి టైఫాయిడ్ అని వినిపించి భయపడేవాళ్లూ ఉన్నారు. టైఫాయిడ్ జ్వరానికీ దీనికీ ఏ సంబంధం లేదు. జిఫాయిడ్ జబ్బు పేరు కాదు, శరీరంలో ఒక భాగం పేరు. పక్కన ఉండే ‘ప్రాసెస్’ అన్న మాటకు కూడా ఇక్కడ పద్ధతి, ప్రక్రియ అన్న అర్థం రాదు. ఎముక నుంచి ముందుకు పొడుచుకొచ్చిన కొనను వైద్య భాషలో అలా అంటారు, అంతే.

మరి జిఫాయిడ్ అంటే? గ్రీకు భాషలో ‘జిఫోస్’ అంటే కత్తి. ‘ఆయిడ్’ అంటే దాన్ని పోలినది. అంటే కత్తిలాంటిది. (థైరాయిడ్‌లో ఉన్న ‘ఆయిడ్’ కూడా ఇదే, అది డాలును పోలినది.) పాతకాలపు శరీర శాస్త్రవేత్తలకు మన ఛాతీ ఎముక మొత్తం ఒక పొట్టి కత్తిలా కనిపించింది. పై భాగానికి వాళ్లు పెట్టిన పేరుకు లాటిన్‌లో ‘పిడి’ అని అర్థం. మధ్య భాగాన్ని ఒకప్పుడు ‘చిన్న కత్తి’ అనేవారు. చివరి ముక్క కత్తి మొన.

ఈ పోలిక గ్రీకుల దగ్గరే ఆగిపోలేదు. గ్రీకు వైద్య గ్రంథాలు బాగ్దాద్‌లో అరబీలోకి వచ్చాక, అరబీ హకీములు దీన్ని తమకు తెలిసిన ఆయుధంతో పోల్చుకున్నారు. ఇబ్న్ సీనా (980–1037) తన ‘అల్ ఖానూన్ ఫిత్తిబ్’లో ఛాతీ ఎముక చివర ఉన్న ఈ వెడల్పాటి మెత్తని ఎముకను ‘ఖంజరీ’ అని చెప్పారు. ఖంజర్‌లా ఉంటుంది కాబట్టి ఖంజరీ. అది ‘ఫమె మేదా’కు, అంటే కడుపు నోటికి, రక్షణగా ఉంటుందని కూడా రాశారు. హైదరాబాద్ నిజామియా తిబ్బీ కాలేజీలోనూ, కర్నూలు డాక్టర్ అబ్దుల్ హఖ్ యునానీ కాలేజీలోనూ చదివేవాళ్లకు ఈ మాటలు కొత్త కాదు. యునానీ హకీం గారి దగ్గరికి వెళ్లే పెద్దవాళ్ల నోట ‘ఫమె మేదా’ ఇప్పటికీ వినబడుతుంది. గల్ఫ్ నుంచి వచ్చినవాళ్ల అరబీ రిపోర్టుల్లో అయితే ‘రహాబా’ లేదా ‘రహాబీ’ అని ఉండవచ్చు. అదీ ఇదే.

ఇంట్లో మాట వేరు. ఉర్దూలో దీన్ని ‘కౌడీ’ అంటారు, తెలుగులో చెప్పాలంటే గవ్వ. ‘కౌడీ మే దర్ద్ హై’ అని నానీ అంటే చేతిలో గవ్వ గురించి కాదు, ఈ చోటు గురించే. తెలుగులో మాత్రం ఒక్క పేరుతో చెప్పం. రొమ్ము ఎముక కొన అంటాం, గుండె కింద గుంట అంటాం, పొట్ట పైభాగం అంటాం. చిక్కు ఇక్కడే మొదలవుతుంది. కౌడీ, ఖంజరీ, జిఫాయిడ్ ఇవి ఎముక పేర్లు. ఫమె మేదా కడుపు పేరు. గుండె కింద అన్నప్పుడు అందులో గుండె పేరు కూడా వచ్చేసింది. చూపించే వేలు మాత్రం ఒకే చోట ఉంటుంది.

ఈ గందరగోళం మనం కొత్తగా తెచ్చుకున్నది కాదు. గ్రీకులు గుండెనూ ‘కార్డియా’ అన్నారు, కడుపు పై నోటినీ ‘కార్డియా’ అన్నారు. నేటికీ వైద్య పుస్తకాల్లో అన్నవాహిక కడుపులో కలిసే చోటు పేరు ‘కార్డియా’నే. మన ఉర్దూలో వికారంగా ఉంటే ‘దిల్ మత్లా రహా హై’ అంటాం. వికారం పుట్టేది కడుపులో, పేరు దిల్‌ది. మటన్ దుకాణంలో కలేజీ అడిగితే కాలేయం ఇస్తాడు, కానీ ‘కలేజే మే జలన్’ అన్నామంటే ఛాతీలో మంట అని అర్థం. తెలుగులో ‘గుండెల్లో మంట’ అంటే చాలాసార్లు పుల్లటి త్రేన్పులతో వచ్చే ఎసిడిటీయే. మాటల్లో ఇంత కలగలుపు ఉండటానికి శరీరంలోనూ కారణం ఉంది. గుండె కింది భాగం డయాఫ్రం అనే కండర పొర మీద ఆని ఉంటుంది. ఆ పొర కిందే కడుపు, కాలేయం ఎడమ భాగం ఉంటాయి. ఈ అవయవాల నుంచి నొప్పి కబురు మోసే నరాలు వెన్నుపాములో దగ్గర దగ్గర చోట్లకే చేరతాయి. అందుకే నొప్పి గుండెదా కడుపుదా అన్నది మెదడుకు కచ్చితంగా తేలదు. రెండూ కౌడీ దగ్గరే అనిపిస్తాయి.

ప్రాణాలు పోయేది ఈ పొరపాటు వల్లే. గుండెపోటు అంటే సినిమాలో చూపించినట్టు ఎడమ రొమ్ము పట్టుకుని కూలిపోవడమే అని చాలామంది అనుకుంటారు. గుండె కింది గోడకు రక్తం ఆగితే నొప్పి తరచుగా ఈ కౌడీ దగ్గర, పొట్ట పైభాగంలోనే వస్తుంది. వాంతి వచ్చినట్టు, పొట్ట ఉబ్బినట్టు ఉంటుంది. ఇంట్లోవాళ్లు గ్యాస్ అంటారు. సోడా తాగిస్తారు, వాము నీళ్లు ఇస్తారు, వీపు నిమురుతారు. గంటలు గడిచిపోతాయి. షుగర్ ఉన్నవాళ్లలో, ఆడవాళ్లలో, వయసు మళ్లినవాళ్లలో ఈ రకం లక్షణాలు ఎక్కువ. షుగర్ పేషెంట్లకు నరాలు దెబ్బతిని అసలు నొప్పే లేకుండా, చెమట, నీరసంతో మాత్రమే గుండెపోటు రావచ్చు కూడా.

రమజాన్‌లో ఇది మరీ మోసం చేస్తుంది. రోజంతా ఖాళీ కడుపు, ఇఫ్తార్‌లో పకోడీ, సమోసా, హలీం, దాని మీద షర్బత్. కౌడీ దగ్గర బరువు, మంట వస్తే నూనె వంటల వల్లే అనుకోవడం సహజం. చాలాసార్లు అదే నిజం. కానీ నొప్పితో పాటు చల్లటి చెమటలు పట్టినా, ఊపిరి ఆడకపోయినా, నొప్పి దవడకో, భుజానికో, చేతికో, వీపుకో పాకినా, కళ్లు తిరిగినా అది ఇఫ్తార్ మీదికి నెట్టేసే విషయం కాదు. నడిస్తే, మెట్లెక్కితే వచ్చి, కూర్చుంటే తగ్గే నొప్పి కూడా అంతే. అలాంటప్పుడు ఎదురుచూడకుండా 108కి ఫోన్ చేయాలి, లేదా ఈసీజీ తీయగల దగ్గరి ఆసుపత్రికి ఎవరైనా తీసుకెళ్లాలి. నొప్పి ఉన్న మనిషి తానే బండి నడుపుకుంటూ వెళ్లకూడదు. గ్యాస్ మందు తాగితే కాస్త తగ్గింది కదా అన్నది కూడా రుజువు కాదు. గుండె నొప్పి మధ్యలో తగ్గి మళ్లీ రావచ్చు. మొదటి ఈసీజీ బాగానే ఉన్నా డాక్టర్ కాసేపు ఉండమని, మళ్లీ ఈసీజీ, ట్రోపోనిన్ రక్తపరీక్ష చేస్తామంటే డబ్బు గుంజడానికి అనుకోవద్దు. మొదట్లో తేలనిది కొన్ని గంటల తర్వాత తేలుతుంది.

అదే చోట గుండె కాకుండా వేరే కారణాలూ ఉంటాయి. అల్సర్, పిత్తాశయంలో రాళ్లు, క్లోమం వాపు నొప్పి కూడా ఇక్కడే మొదలవుతుంది. నల్లగా తారులా విరేచనం అయితే కడుపులో రక్తం కారుతోందని అర్థం, అదీ ఆగే పని కాదు. ఇక జిఫాయిడ్ ఎముకకే నొప్పి రావడం అరుదు. దాన్ని ‘జిఫోడినియా’ అంటారు. దెబ్బ తగిలినప్పుడో, బరువులెత్తినప్పుడో మొదలై, ఆ కొన మీద వేలితో నొక్కితే అచ్చం అదే నొప్పి వస్తుంది. నొక్కితే నొప్పి వచ్చింది కాబట్టి గుండె కాదులే అని ఇంట్లోనే తీర్పు చెప్పేయకండి. ఆ మాట డాక్టర్ చెప్పాలి.

ఇప్పుడు దీనికి పూర్తిగా ఎదురు సమస్య. కొందరు ఈ ఎముకనే గడ్డ అనుకుని నిద్ర లేకుండా గడుపుతారు. డైటింగ్ చేసి బరువు తగ్గినవాళ్లు, జబ్బు పడి చిక్కినవాళ్లు స్నానం చేస్తుంటే హఠాత్తుగా చేతికి తగులుతుంది. నిన్నటి దాకా లేదు, ఇవాళ వచ్చింది, క్యాన్సరేమో అని. అది పుట్టినప్పటి నుంచీ ఉంది, మీద కొవ్వు తగ్గింది కాబట్టి బయటపడింది. పైగా ఈ ముక్క అందరికీ ఒకేలా ఉండదు. కొందరికి ముందుకు వంగి పొడుచుకొస్తుంది, కొందరికి లోపలికి తిరుగుతుంది. చివర రెండుగా చీలినవీ, మధ్యలో చిన్న రంధ్రం ఉన్నవీ ఉన్నాయి. అన్నీ మామూలే. చిన్నప్పుడు ఇది మృదులాస్థి, చెవి కొసలా వంగుతుంది. ఎముకగా గట్టిపడటం సుమారు 40 ఏళ్ల దాకా సాగుతుంది. అందుకే నడివయసులో ‘కొత్తగా గట్టిగా తగులుతోంది’ అనిపించడంలో వింత లేదు.

అలాగని అక్కడ తగిలేదంతా ఎముకే అనుకోకూడదు. దగ్గినప్పుడు, లేవబోయినప్పుడు ఉబ్బి, పడుకుంటే తగ్గే మెత్తని వాపు హెర్నియా కావచ్చు. అది కౌడీకీ బొడ్డుకీ మధ్యలో, నడిగీత మీద వస్తుంది. నెలనెలా పెరిగేది, చర్మం రంగు మారేది, ఒక పక్కకే ఉండేది అయితే సర్జన్‌కు చూపించాలి.

పసిపిల్లల విషయంలో కూడా ఇలాంటి రెండు రకాల తప్పులూ జరుగుతాయి. పుట్టిన బిడ్డ ఛాతీ కింద చిన్న మొన తేలి ఉండటం చూసి దాదీలు, నానీలు భయపడతారు. అది జిఫాయిడే. బిడ్డ పెరిగి ఒళ్లు చేసేకొద్దీ కనబడకుండా పోతుంది. నూనె రాసి లోపలికి నొక్కడం, గుడ్డ బిగించి కట్టడం అస్సలు చేయొద్దు, దాని వెనకే కాలేయం ఉంటుంది. భయపడాల్సింది వేరే ఉంది. ఊపిరి పీల్చినప్పుడల్లా ఆ చోటు, పక్కటెముకల కింది భాగం గుంటలా లోపలికి పోతుంటే అది ఎముక సంగతి కాదు. ఉర్దూలో ‘పస్లీ చల్నా’ అనేదీ, తెలుగులో ‘డొక్కలెగరేయడం’ అనేదీ అదే. న్యుమోనియా కావచ్చు. ఊదించడం, తావీజు కోసం తిరగడం తర్వాత, ముందు పిల్లల డాక్టర్.

ఆసుపత్రిలో ఈ చిన్న ఎముక ఒక మైలురాయిలా పనికొస్తుంది. ముక్కులోంచి కడుపులోకి గొట్టం వేసే ముందు నర్సు ముక్కు కొన నుంచి చెవి తమ్మె దాకా, అక్కడి నుంచి జిఫాయిడ్ దాకా కొలుస్తుంది. గర్భిణికి గర్భసంచి పైఅంచు ఈ ఎముక దాకా వస్తే సుమారు 36 వారాలు అని లెక్క. ఆ తర్వాత బిడ్డ తల కిందికి దిగితే పైఅంచు కాస్త తగ్గుతుంది, ‘పొట్ట జారింది’ అని ఇంట్లో అనేది దాన్నే. లాప్రోస్కోపీతో పిత్తాశయం తీయించుకున్నవాళ్లకు ఛాతీ కింద చిన్న మచ్చ ఉంటుంది కదా, కాగితంలో అది ‘సబ్ జిఫాయిడ్ పోర్ట్’ అని ఉండవచ్చు. సబ్ అంటే కింద.

చివరగా సీపీఆర్. మనిషి కుప్పకూలి, పిలిస్తే పలక్కుండా, ఊపిరి మామూలుగా లేకపోతే 108కి ఫోన్ చేసి ఛాతీ నొక్కడం మొదలుపెట్టాలి. నొక్కాల్సింది ఛాతీ నడిమధ్యన, రొమ్ము ఎముక కింది సగం మీద. చివరి కొన మీద మాత్రం కాదు. జిఫాయిడ్ మీద బలంగా నొక్కితే అది విరగవచ్చు, కాలేయానికి గాయం కావచ్చు, పైగా గుండె మీద సరైన ఒత్తిడీ పడదు. పాత శిక్షణల్లో ముందు జిఫాయిడ్ వెతికి, అక్కడి నుంచి రెండు వేళ్లు పైకి కొలవమనేవారు. వెతుకులాటలోనే సమయం పోతోందని ఇప్పుడు నేరుగా ‘ఛాతీ మధ్యలో’ అని నేర్పుతున్నారు. పెద్దవాళ్లకు ఒక చేతి మడమ ఆనించి, దాని మీద రెండో చెయ్యి వేసి, మోచేతులు వంచకుండా 5 నుంచి 6 సెంటీమీటర్ల లోతుకు, నిమిషానికి 100 నుంచి 120 సార్లు నొక్కాలి. ప్రతిసారీ ఛాతీ పూర్తిగా పైకి లేవనివ్వాలి. అంబులెన్స్ వచ్చేదాకా ఆపకూడదు. ఒకరు అలసిపోతే ఇంకొకరు అందుకోవాలి.