అహోబిలం దోపిడీ: అది మతయుద్ధమేనా?

"అహోబిలం గుడిని దోచింది మనవాళ్లేనా?" కంభం, గిద్దలూరు వైపు పిల్లలు ఎప్పుడో ఒకసారి ఈ మాట అడుగుతారు. దాటవేయొద్దు. జరిగింది చెప్పండి.

నల్లమలకు అవతల ఉన్న అహోబిలాన్ని 1579లో గోల్కొండ సైన్యం దోచింది. ఇది నిజం, దాచాల్సిన పని లేదు. అయితే ఆ సైన్యాన్ని నడిపింది మురారిరావు అనే మరాఠా బ్రాహ్మణుడు. తోడుగా వచ్చిన హండే నాయకులూ హిందువులే. సుల్తాన్ మాత్రం ముస్లిం, ఇబ్రహీం కుతుబ్‌షా.

ఆయన గద్దె ఎక్కకముందు ఏడేళ్లు విజయనగరంలో అళియ రామరాయల దగ్గర తలదాచుకున్నాడు. తెలుగు కవులు ఆయన్ని మల్కిభరాముడు అన్నారు. అద్దంకి గంగాధర కవి తన కావ్యాన్ని ఈయనకే అంకితమిచ్చాడు. 1565లో అదే రామరాయల మీద యుద్ధానికి వెళ్లిన సుల్తానుల్లో ఈయనా ఒకరు. రాజ్యం ముందు ఉప్పు తిన్న రుణం కూడా నిలవలేదు.

మరి గుడి మీదే ఎందుకు పడ్డారు? పెద్ద గుడి అంటే బంగారం, భూములు. అంతకుమించి దాన్ని కాపాడే రాజు పరువు. గుడి పోతే ఆ పరువు పోయినట్టే. అందుకే విజయనగరం పక్షం కొన్నేళ్లకే దాన్ని తిరిగి గెలుచుకుంది. 1584-85 నాటి అహోబిలం శాసనం ఈ సంగతి చెబుతుంది.

భక్తుల మనసుకు తగిలిన దెబ్బ చిన్నది కాదు. కానీ రాజులు చేసిన ఆ అప్పును, ఇవాళ కంభం బజారులో పక్కపక్కనే అంగళ్లు పెట్టుకున్నవాళ్ల ఖాతాలో రాయడం ఇన్సాఫ్ కాదు. పిల్లలకు రెండూ చెప్పండి: దోపిడీ జరిగింది, చేసింది రాజ్యం.