ఏంటండీ విశేషాలు? మామూలే!

బందరు కోనేరు సెంటర్లో తెలిసినవాళ్లిద్దరు ఎదురుపడితే ముందు వచ్చే ప్రశ్న "ఏంటండీ విశేషాలు?" వెంటనే వచ్చే జవాబు "ఏమున్నాయండీ, మామూలే." విశేషాలు రాసేవాళ్లందరూ ప్రశ్న పట్టుకుని పోతారు. నేను ఈసారి జవాబు పట్టుకుంటాను. ఎందుకంటే "మామూలు" అన్న ఆ ఒక్క మాట తిరిగినన్ని ఊళ్లు మన వాళ్లలో చాలామంది తిరిగి ఉండరు.

అరబ్బీలో "అమల్" అంటే పని, చేత. మనం రోజూ వాడే "అమలు" అదే. అలా చేస్తూ వచ్చినది, చేసి చేసి వాడుకలో స్థిరపడినది "మఅమూల్". అంటే అమలు, మామూలు ఒకే తల్లి బిడ్డలు. గోల్కొండ సుల్తానుల కాలంలో మచిలీపట్నం, అంటే మన బందరు, ఆ రాజ్యానికి పెద్ద రేవు. కచేరీ రాతకోతలన్నీ ఫార్సీలో నడిచిన రోజులవి. వసూలు, బాకీ, హాజరు, జమా లాంటి మాటలు నడిచిన దారి అదే, మామూలు వచ్చిందీ ఆ దారినే. ఇలాంటి మాటలు తెలుగులో ఎంతగా కలిసిపోయాయంటే, 1820ల్లో మచిలీపట్నంలో కొలువు చేసిన సి.పి. బ్రౌన్ దొర తన పెద్ద తెలుగు నిఘంటువు 1852లో వేశాక, అన్యదేశ్యాల కోసమే 1854లో విడిగా ఇంకో నిఘంటువు వేయాల్సి వచ్చింది.

మామూలు అక్కడితో ఆగలేదు, ఇంగ్లీషులోకీ పోయింది. ఇక్కడ ఉద్యోగాలు చేసిన దొరల నోళ్లలో పడి "మామూల్" అయింది. హెన్రీ యూల్, ఆర్థర్ బర్నెల్ కూర్చిన "హాబ్సన్-జాబ్సన్" నిఘంటువు 1886లో వెలువడింది. అందులో దీనికి సొంతంగా ఒక పద్దు ఉంది. పూర్వం నుంచి ఇలా జరుగుతోంది అన్న ప్రమాణానికి ఇంగ్లీషు లాయర్లు ఎంత విలువిస్తారో తూర్పుదేశాలవాళ్లూ అంతే ఇస్తారని ఆ ఇద్దరూ రాశారు. ఉదాహరణ ఎక్కడి నుంచి తెచ్చారనుకున్నారు? బైబిలు ఆదికాండం నుంచి. పెద్దమ్మాయి ఉండగా చిన్నమ్మాయికి పెళ్లి చేయడం మా దేశాచారం కాదని లాబాను యాకోబుతో అన్న మాటను "మామూలు"కు నమూనాగా చూపించారు. ఇవాళ ఇంగ్లండు వీధుల్లో ఎవరినడిగినా ఆ మాట తెలియదు. సాధారణం అని చెప్పడానికి ఇంగ్లీషులో ఉన్న అరుదైన మాటల్లో ఒకటి మన బందరులో పిల్లవాడికి కూడా తెలిసిన మాట కావడం నాకు ఎన్నిసార్లు తలుచుకున్నా ఆశ్చర్యంగానే ఉంటుంది.

గల్ఫ్‌లో పనిచేసే మన జిల్లా వాళ్లకు ఇంకో మామూలు తెలుసు. రంజాను, ఈద్ రోజుల్లో అక్కడి ఇళ్లలో ఖర్జూరం ముద్ద లోపల పెట్టి, చెక్క అచ్చులో ఒత్తి కాల్చే చిన్న తీపి బిళ్లల పేరు కూడా "మఅమూల్". చేసినది అనే అర్థమే అక్కడ తిండి పేరయింది, ఇక్కడ వాడుక పేరయింది. మన దగ్గర దానికి బహువచనం చేరేసరికి అర్థమే మారిపోయింది. "మామూలుగా వెళ్లాడు" అంటే ఒకటి, "మామూళ్లు పుచ్చుకున్నాడు" అంటే ఇంకొకటి. ఆచారంగా ఇచ్చే చిన్న కానుక ముదిరి లంచం అయిందని ఆ బహువచనమే చెబుతుంది. దసరా మామూలు మాత్రం ఇంకా పాత అర్థంలోనే మిగిలింది.

✽

"పంట ఎలా ఉందండీ?" "ఓ మోస్తరుగా ఉంది." ఇదీ మన డెల్టా మాటే. బాగా లేదని కాదు, గొప్పగా ఉందనీ కాదు. ఈ "మోస్తరు" పోర్చుగీసువాళ్ల "మోస్త్రా" అని భాషావేత్తలు చెబుతారు. మోస్త్రా అంటే చూపించే నమూనా. ఇంగ్లీషు వర్తకులు దాన్నే "మస్టర్" అన్నారు. బట్టల బేరంలో ముందు ఒక నమూనా బట్ట చూపించి, ఆ మోస్తరుగా ఇన్ని థానులు కావాలని ఒప్పందం చేసుకునేవారు. వచ్చిన సరుకును ఆ నమూనాతో పోల్చి చూసేవారు. నమూనాకు సరిపోయింది "మోస్తరు".

ఇంగ్లీషు కంపెనీ బందరులో కొఠీ పెట్టింది 1611లో. దానికి అయిదారేళ్ల ముందే డచ్చివాళ్లు వచ్చారు. కోరమండల్ తీరం నుంచి తెప్పించుకున్న లాంగ్‌క్లాత్, సాలెంపూరు బట్టల జాబితాల్లో కంపెనీ పెట్టిన తరగతులు ఆర్డినరీ, మిడ్లింగ్, ఫైన్. ఆర్డినరీ అంటే ఇంటింటా వాడుకకు పోయే రకం, తీసిపారేసేది కాదు. మిడ్లింగ్ అన్నది ఇంగ్లీషులో మొదట సరుకు తరగతి పేరే, తర్వాత ఎలా ఉన్నావంటే చెప్పే జవాబయింది. మన మోస్తరుకు జరిగిందే దానికీ జరిగింది.

✽

రోజువారీ, సాదాసీదా అనే అర్థంలో ఇంగ్లీషు రచయితలు అప్పుడప్పుడు వాడే మాట "కొటీడియన్". లాటిన్‌లో ప్రతిదినం అని. పాత వైద్య పుస్తకాల్లో మాత్రం అది రోజూ వచ్చే చలిజ్వరం పేరు. రోజు విడిచి రోజు వచ్చేది టెర్షియన్, రెండు రోజులు విడిచి వచ్చేది క్వార్టన్. మన ఆయుర్వేదం ఇదే వరసలో అన్యేద్యుష్కం, తృతీయకం, చతుర్థకం అంది. చుట్టూ బురద పర్రలున్న బందరు కోటలో కాపురమున్న దొరల సైనికులకు ఈ మాట పుస్తకాల్లో చదివి తెలుసుకునే పని లేకపోయింది.

✽

హాబ్సన్-జాబ్సన్‌లోనే ఇంకో మాట చూడండి: "కంట్రీ". ఇక్కడ తయారైన సరుకుకు, యూరపు సరుకు కాదని చెప్పడానికి, కాస్త చులకనగా పెట్టిన విశేషణం అని అందులో రాశారు. కంట్రీ బోటు, కంట్రీ చక్కెర, కంట్రీ సారా. తెలుగులో దానికి సరిసమానమైన మాట "నాటు". నాడు నుంచి నాటు, అంటే మన నేలది. దీనికి ఎదురుగా నిలిచినది "సీమ". సీమదొర, సీమసరుకు, సీమచింత. ఆ సీమచింత నిజానికి ఇంగ్లండు నుంచి కాదు, మెక్సికో వైపు నుంచి వచ్చిన చెట్టు. ఓడ దిగింది కాబట్టి సీమది అనేశారు.

ఇక దివిసీమ పేరులోనూ సీమ ఉంది. దివి అంటే దీవి. పులిగడ్డ దగ్గర కృష్ణ రెండు పాయలుగా చీలి, సముద్రం దాకా చుట్టి వదిలిన నేల. ఇక్కడ సీమ అంటే ప్రాంతమనే పాత తెలుగు అర్థం. ఒకే మాట ఒకచోట పరాయిదాన్ని చెబుతుంది, ఇంకోచోట సొంత నేలను చెబుతుంది.

నాటుకు పట్టిన చులకన మాత్రం వదిలింది. నాగాయలంకలోనైనా అవనిగడ్డలోనైనా నాటుకోడి ధర అడిగి చూడండి, ఫారం కోడి దాని దరిదాపుల్లో ఉండదు. 2023 మార్చిలో "నాటు నాటు" పాటకు ఆస్కారు వచ్చినప్పుడు ఆ మాటను లోకమంతా పలికింది. తక్కువ చేయడానికి వాడిన మాటకు అంత ఎత్తు దొరికినందుకు నేను నిజంగా పొంగిపోయాను.

✽

మొవ్వ వెళితే గుర్తుపెట్టుకోవాల్సిన సంగతి. అలంకారశాస్త్రం నాయికలను స్వీయ, పరకీయ, సామాన్య అని మూడు రకాలుగా చెప్పింది. ఇక్కడ సామాన్య అంటే సాదా మనిషి కాదు, వేశ్య. అందరికీ ఉమ్మడి అని ఆ పేరు పెట్టారు. పదిహేడో శతాబ్దంలో మొవ్వ వేల్పు మువ్వగోపాలుడి ముద్రతో పదాలు రాసిన క్షేత్రయ్య, ఆ సామాన్య నాయిక చేత పలికించిన పదాలు ఎన్నో. అందులో ఆమె మనసు పడే కష్టం, కోపం, చమత్కారం చూశాక ఆమెను ఎవరూ సామాన్య అనలేరు. మొవ్వకు పక్కనే ఉన్న కూచిపూడిలో ఇప్పటికీ ఆ పదాలకు అభినయం పడుతున్నారు.

సామాన్యం అన్నాక వైశేషిక దర్శనం మాట కూడా చెప్పుకోవాలి. లోకంలో ఉన్నదంతా ఆరు పదార్థాలని అది లెక్క కట్టింది. ద్రవ్యం, గుణం, కర్మ తర్వాత నాలుగోది సామాన్యం, అయిదోది విశేషం. ఆవులన్నింటిలో ఉండే ఆవుతనం సామాన్యం. సామాన్యం, విశేషం రెండూ లేకుండా లోకాన్ని వివరించలేమని ఆ శాస్త్రం తేల్చింది. కోనేరు సెంటర్లో ప్రశ్న, జవాబు పక్కపక్కనే ఉండటం నాకు సబబుగానే తోస్తుంది.

✽

ఆర్టీసీ ఎంత చక్కగా "పల్లెవెలుగు" అని పేరు పెట్టినా, మా వైపు పెద్దవాళ్లు ఇంకా "ఆర్డినరీ వచ్చిందా?" అనే అడుగుతారు. ఆ ఆర్డినరీ బస్సు వెనక దేశమంతా న్యాయవిద్యార్థులు చదువుకునే కేసు ఒకటుంది. 1958 జనవరిలో ఆంధ్రప్రదేశ్ ఆర్టీసీ ఏర్పడింది. కృష్ణా జిల్లాలో ప్రైవేటు బస్సుల రూట్లను తీసుకునేందుకు పథకం తయారైంది. ఇక్కడి బస్సుల యజమానులు సుప్రీంకోర్టుకు వెళ్లారు. అదే గుల్లపల్లి నాగేశ్వరరావు కేసు. అభ్యంతరాలు విన్నది శాఖ కార్యదర్శి, నిర్ణయం చేసింది ముఖ్యమంత్రి. విన్నవాడు ఒకరు, తీర్పు చెప్పేవాడు ఇంకొకరు అయితే అది విచారణే కాదని కోర్టు ఆ పథకం ఉత్తర్వును కొట్టేసింది. మెజారిటీ తీర్పు రాసింది మన తెలుగువాడే, కోకా సుబ్బారావు. ఆయన 1966లో భారత ప్రధాన న్యాయమూర్తి అయ్యారు. తర్వాత ముఖ్యమంత్రే స్వయంగా అభ్యంతరాలు విన్నారు, ఈసారి 1959లో కోర్టు పథకాన్ని నిలబెట్టింది. ఆర్డినరీ బస్సు ఎక్కే మనిషికి ఆ టికెట్టు వెనక ఇంత వాదం నడిచిందని తెలిస్తే బాగుంటుంది.

ఆర్డినరీ అన్న మాటకు ఇంగ్లండులో ఇంకో రెండు బతుకులున్నాయి. నాలుగు వందల ఏళ్ల కిందట అక్కడ ఆర్డినరీ అంటే ఒకే ధరకు భోజనం పెట్టే పూటకూటి ఇల్లు. పందొమ్మిదో శతాబ్దం చివర ముందు పెద్ద చక్రం, వెనక చిన్న చక్రం ఉన్న సైకిలు పేరు కూడా అదే. సమానమైన చక్రాల సైకిలు వచ్చాక పాతదాన్ని వేరుగా గుర్తించడానికి ఆర్డినరీ అన్నారు.

గుడివాడ జంక్షన్‌లో దిగినప్పుడు తలుచుకోవడానికి ఇంకొకటి. పనికిమాలినది, మామూలుది అనే అర్థంలో ఇంగ్లీషువాళ్లు "ట్రివియల్" అంటారు. లాటిన్ "ట్రివియం" అంటే మూడు దారులు కలిసే చోటు. అక్కడ నిలబడి ఎవరైనా మాట్లాడుకునే మాటలు ట్రివియల్ అయ్యాయి. మీరు చదువుతున్న ఈ రకం విశేషాలకు ఇంగ్లీషులో "ట్రివియా" అని పేరు. 1908లో వేసిన బెజవాడ-బందరు లైను గుడివాడ మీదుగా పోతుంది, భీమవరం లైను ఇక్కడే విడిపోతుంది. బెజవాడ, బందరు, భీమవరం: సరిగ్గా మూడు దారులు.

✽

చివరిది "సాధారణం". "మచిలీపట్నంలో ఉష్ణోగ్రత సాధారణం కంటే రెండు డిగ్రీలు ఎక్కువ" అని రేడియో చెప్పినప్పుడు ఆ సాధారణం అంటే ముప్ఫయ్యేళ్ల సగటు. వానకైతే ఇంకా ఖచ్చితమైన హద్దుంది. దీర్ఘకాల సగటుకు అటూ ఇటూ 19 శాతం లోపల పడితే వాతావరణ శాఖ లెక్కలో సాధారణ వర్షపాతం, ఇరవై తగ్గితే లోటు. వరి రైతుకు మాత్రం ఆ వాన నాట్ల వేళకు పడిందా, కోతల వేళకు పడిందా అన్నదే లెక్క.

1977 నవంబరు 19న దివిసీమ మీద ఉప్పెన పడింది. అలలు ఊళ్ల మీదుగా పోయాయి, వేలమంది పోయారు. అప్పటి నుంచి కోడూరు, నాగాయలంక వైపు పెద్దవాళ్లు ఏ సంగతి చెప్పినా "ఉప్పెనకు ముందు", "ఉప్పెన తర్వాత" అని చెబుతారు. పెళ్లి, పుట్టుక, పొలం కొనడం అన్నిటికీ అదే కొలత. సాయం చేయడానికి వచ్చినవాళ్లందరూ "మామూలు స్థితి" ఎప్పుడు వస్తుందని అడిగారు. ఆ మాటకు అంత బరువుంటుందని అక్కడివాళ్లకు తెలుసు. పొద్దున్నే వల భుజాన వేసుకుని పోవడం, మధ్యాహ్నం గట్టు మీద అన్నం తినడం, సాయంత్రం ఆర్డినరీ బస్సు కోసం చూడటం, వాళ్లు పోగొట్టుకున్నది ఇదే. పోయినవాళ్లు రాలేదు. ఆ మామూలు మాత్రం ఏళ్ల తరబడి కొద్దికొద్దిగా తిరిగి వచ్చింది.

ఉప్పెన నాటికి ఇరవై ఏళ్ల వయసున్నవాళ్లు ఇప్పుడు డెబ్బైకి దగ్గరపడ్డారు. వాళ్లకు ముతక బియ్యం రకాల పేర్లు, రోజూ కట్టిన బట్టల పేర్లు, రోజూ వేసిన వలల పేర్లు, రోజూ వండిన చేపల పేర్లు గుర్తున్నాయి. విశేషమైన వాటి పేర్లు పుస్తకాల్లో ఎవరో ఒకరు రాసి పెట్టారు, మామూలు వాటివి ఎవరూ రాయలేదు. మీ ఇంట్లో అలాంటి పెద్దవాళ్లుంటే ఈ ఆదివారం పక్కన కూర్చుని అడగండి. చెప్పినవి చెప్పినట్టు, వాళ్లు పలికినట్టే, ఒక నోటు పుస్తకంలో రాసి పెట్టండి.