కీలువాపు – దాని సంకేతము

ఆసుపత్రినుండి రోగిని ఇంటికి పంపునపుడు ఇచ్చు కాగితముపై, రోగము పేరు ప్రక్కన ఒక ఆంగ్లాక్షరమును, రెండు మూడు అంకెలును తరచుగా కనిపించుచుండును. ‘ఎం 00.0’ అనియో, ‘ఎ 18.0’ అనియో ఉన్న ఆ గురుతును చూచి, ఇది మందు పేరా, బిల్లు సంఖ్యా అని మాకు జాబులు వ్రాయు శ్రోతలు కలరు. అది రెండును కాదు. ఏ దేశమునందైనను ఒక రోగమును ఒకే విధముగా లెక్కించుటకై ఏర్పడిన సంకేతమది. కీళ్ళకును, కండరములను ఎముకలకు కట్టియుంచు స్నాయువులకును సోకు వ్యాధులను ఉదాహరణముగా గైకొని, ఈ సంకేతముల తీరును వివరింపదలచితిమి. ఈ వ్యాధులలో పేరు తప్పినచో చికిత్సయు తప్పిపోవు ప్రమాదము కలదు గనుక, ఇది కేవలము గుమాస్తాల వ్యవహారము కాదు.

ఈ ఏర్పాటు వెనుక ఒక పాత తగవు ఉన్నది. 1853లో బ్రస్సెల్సు నగరమున సమావేశమైన గణాంక శాస్త్రవేత్తలు, అన్ని దేశములకును సరిపడునట్టి మరణకారణముల పట్టికను సిద్ధము చేయుమని ఇంగ్లండుకు చెందిన విలియం ఫార్‌ను, జినీవాకు చెందిన మార్క్ డెస్పీన్‌ను కోరిరి. రెండేండ్ల తరువాత ఇరువురును చెరియొక పట్టికను తెచ్చిరి. ఫార్ స్థానిక వ్యాధులను అవి నెలకొన్న అవయవమును బట్టి వరుసపరచెను. డెస్పీన్ రోగముయొక్క స్వభావమును బట్టి విభజించెను. సభవారు రెంటిని కలిపి 139 శీర్షికలతో రాజీ కుదిర్చిరి. తరువాత 1893లో షికాగో సమావేశమునకు పారిస్ నగర గణాంకశాఖాధిపతి జాక్ బెర్టిలాన్ సమర్పించిన పట్టికయే నేటి అంతర్జాతీయ వర్గీకరణమునకు మూలము. 1948లో ఆరవ సవరణముతో ఆ బాధ్యతను ప్రపంచ ఆరోగ్య సంస్థ వహించినది. అంతవరకు మరణకారణములకే ప్రాధాన్యమున్న పట్టికలో బ్రదికియున్నవారి వ్యాధులును చోటు చేసికొన్నవి. మన ఆసుపత్రి కాగితములపై ఎక్కువగా కనిపించునది 1990లో ఆమోదము పొందిన పదవ సవరణము. మేమిచట చెప్పు సంకేతములు దానిలోనివే.

అందు అక్షరము అధ్యాయమును తెలుపును. ‘ఎం’ అనునది ఎముకలు, కీళ్ళు, కండరముల అధ్యాయము. ‘ఎ’, ‘బి’ అనునవి అంటువ్యాధుల అధ్యాయము. ‘ఎం 00’ అనగా చీము పట్టిన కీలు. చుక్క తరువాతి అంకె ఆ చీమునకు కారణమైన సూక్ష్మజీవిని చూపును: 0 అయినచో స్టెఫిలోకాకస్, 1 అయినచో న్యూమోకాకస్, 2 అయినచో తక్కిన స్ట్రెప్టోకాకస్ జాతులు, 8 అయినచో పేరు తెలిసిన మరియొక బాక్టీరియా. కారణము తేలనపుడు 9 వేయుదురు. ఆపైన ఇంకొక అంకెను చేర్చినచో స్థానము తెలియును. భుజమునకు 1, చేతికి 4, మోకాలికి 6. కావున ‘ఎం 00.06’ అని చదివిన వైద్యుడు, రోగి మోకాలిలో స్టెఫిలోకాకస్ వలన చీము పట్టినదని మరియొక మాట అడుగకయే గ్రహించును.

అయితే ఆ చుక్క తరువాతి అంకె ఊహవలన వచ్చునది కాదు. కీలులోనికి సూదిని పంపి, ద్రవమును తీసి, పరీక్షించి, అందలి సూక్ష్మజీవిని పెంచి చూచినపుడే దాని పేరు నిశ్చయమగును. వీలైనంతవరకు సూక్ష్మజీవనాశక ఔషధములు మొదలిడుటకు ముందే ఈ ద్రవమును తీయవలెను. చీము పట్టిన కీలులోని మృదులాస్థి కొలది దినములలోనే క్షీణించి, కీలు శాశ్వతముగా బిగిసిపోవచ్చును. తొమ్మిదవ అంకె వెనుక ఒక్కొక్కప్పుడు చేయని పరీక్ష దాగియుండును.

క్షయవ్యాధి కీలునకు సోకినపుడు ఫార్, డెస్పీన్‌ల పాత తగవు మరల ఎదురగును. అది క్షయయా, కీలువ్యాధియా? రెండును అగును గనుక దానికి రెండు సంకేతములు కలవు. మూలకారణమునకు ‘ఎ 18.0’ వ్రాసి కటారి గురుతును, కీలులో కనిపించు రూపమునకు ‘ఎం 01.1’ వ్రాసి నక్షత్రపు గురుతును ఉంచుదురు. లెక్కలో ముందు నిలుచునది కటారి గురుతు గల కారణమే. నక్షత్రపు సంకేతమును ఎన్నడును ఒంటరిగా వ్రాయరాదు.

సూక్ష్మజీవి కీలులో లేకయే కీలు వాచుటయు కలదు. జిగటవిరేచనములు తగ్గిన కొన్ని వారములకు మోకాలు వాచినచో, అది ప్రతిచర్యవలన కలిగిన వాపు. ‘ఎం 02’ దాని స్థానము. గొంతునొప్పి తరువాత పిల్లలకు వచ్చు రుమాటిక్ జ్వరములో కీళ్ళు ఒకదాని తరువాత ఒకటి వాచును. కాని దానిని ‘ఎం’ అధ్యాయములో వెదకిన దొరకదు. అది ‘ఐ 00’గా, రక్తప్రసరణ వ్యాధులలో ఉన్నది. ఆ జ్వరము కీళ్ళను విడిచిపోయినను గుండె కవాటములను చెఱచిపోవును గనుక అచట నిలుచుటయే న్యాయము.

స్నాయువుల సంగతియు ఇట్టిదే. చేతివ్రేళ్ళను ముడుచు స్నాయువులు కత్తి ఒరలో ఉన్నట్లు సన్నని ఒరలలో జారుచుండును. ముల్లు గ్రుచ్చుకొని ఆ ఒరలో చీముగడ్డ ఏర్పడినచో ‘ఎం 65.0’, ఇతరవిధమైన సూక్ష్మజీవుల వాపైనచో ‘ఎం 65.1’. బొటనవ్రేలి మొదట, మణికట్టు ప్రక్కన వచ్చు నొప్పి ‘ఎం 65.4’, ఇది సూక్ష్మజీవులవలన వచ్చునది కాదు. ఒరలో చీమును గుర్తించుటకు షికాగో శస్త్రవైద్యుడు ఆలెన్ కనావెల్ పేర నాలుగు లక్షణములు నేటికిని వైద్యవిద్యార్థులు నేర్చుకొనుచున్నారు: వ్రేలు కొంచెము ముడుచుకొనియుండుట, అంతటను ఒకే తీరుగా వాచుట, ఒర పొడవునను నొక్కినపుడు నొప్పి, మరియొకరు వ్రేలిని చాపబోయినపుడు భరింపరాని బాధ.

సంకేతము ఒక్క రోగికే కాక ఊరికిని ఉపకరించును. 1952లో టాంగన్యీకాలో మొదట గుర్తింపబడిన చికున్‌గున్యా జ్వరము 2005–06లో ఆంధ్రప్రదేశమును బాధించిన సంగతి మన ఇండ్లలో పలువురకు జ్ఞాపకముండును. 2006లో దేశమంతటను దాదాపు 13 లక్షల 90 వేల అనుమానిత రోగులు లెక్కకు వచ్చిరి. దాని సంకేతము ‘ఎ 92.0’. అట్టి రోగులకు కేవలము కీలునొప్పి అని ‘ఎం 25.5’ వ్రాసినచో, ఆ జ్వరము వయసు మళ్ళిన మోకాళ్ళ నొప్పులలో కలిసిపోవును. దోమల నివారణకు కదలవలసిన అధికారులకు కబురు అందదు.

పదునొకండవ సవరణము 2019లో ఆమోదింపబడి, 2022 జనవరి 1 నుండి అమలులోనికి వచ్చినది. అందు కారణమును, స్థానమును తెలుపు సంకేతములను ఒకదానికొకటి జతపరచి వ్రాయు వీలు విరివిగా కలదు. దేశదేశములును క్రమముగా దానికి మారుచున్నవి.

గృహస్థులు ఈ అంకెలను కంఠస్థము చేయనక్కరలేదు. జ్వరముతో ఒక కీలు ఎఱ్ఱబడి, వేడెక్కి, కదల్చ వీలుకాకున్నచో కాపడములతోను, నూనె మర్దనలతోను కాలయాపన చేయక ఆ దినముననే వైద్యుని చూడవలెను. ద్రవము తీసి పరీక్షించిరా, ఏ సూక్ష్మజీవి కనిపించినది అని అడుగుటకు సంకోచింపరాదు. ఆసుపత్రివారిచ్చిన కాగితమును భద్రపరచి, మరల వైద్యునివద్దకు వెళ్ళునపుడు వెంట గొనిపోవలెను. అందలి చిన్న సంకేతము రెండవ వైద్యునకు మొదటి వైద్యుని నిర్ణయమును తెలియజెప్పును.