కథ మలుపు దగ్గర నిలబడే మనిషి

1950ల నాటి బ్రిటిష్ హాస్యచిత్రాలు నాలుగైదు చూసినవారికి ఒక ముఖం గుర్తుండిపోతుంది. వాలిన కళ్లు, ఏదో ఇబ్బందిలో పడ్డట్టు ముడిపడిన నొసలు, మెత్తటి గొంతు. ఆ ముఖం జాన్ లె మెజరర్‌ది. వందకు పైగా సినిమాల్లో నటించిన ఆయన దాదాపు అన్నిటిలోనూ చిన్న పాత్రలే వేశారు.

1912లో బెడ్‌ఫర్డ్‌లో పుట్టారు. తండ్రిలాగే న్యాయవాది కావాలని ఒక లా ఆఫీసులో శిక్షణకు చేరి, 1933లో అది వదిలేసి లండన్‌లో నటన నేర్చుకోవడానికి వెళ్లిపోయారు. తర్వాత జగత్ప్రసిద్ధుడైన అలెక్ గిన్నిస్ అక్కడ తోటి విద్యార్థి. రెండో ప్రపంచయుద్ధంలో ట్యాంకు దళంలో కెప్టెన్ అయ్యారు, అవిభక్త భారతదేశపు వాయవ్య సరిహద్దులో పనిచేశారు. ఇంటికి చేరాక 1948లో సినిమాల్లోకి వచ్చారు.

అది క్యారెక్టర్ నటుడికి పని దొరికే కాలం. 1946లో బ్రిటన్‌లో 163 కోట్లకు పైగా సినిమా టికెట్లు అమ్ముడయ్యాయి. ఒక్క టికెట్టుకు రెండు సినిమాలు వేసేవారు: ఒకటి పెద్దది, దానికి ముందు గంటా గంటంబావు ఉండే చౌక సినిమా. పైగా హాలీవుడ్ ధాటికి సొంత పరిశ్రమ మునిగిపోకుండా, థియేటర్లు ఇంత వాటా స్వదేశీ చిత్రాలే ఆడించాలని 1927 నుంచీ చట్టం ఉండేది. ఆ వాటా నింపడానికి చౌక సినిమాలు చకచకా తయారయ్యేవి. కొద్దిరోజుల్లో షూటింగ్ ముగించాలంటే రిహార్సల్‌కు తీరిక ఉండదు. తెర మీదికి రాగానే ‘వీడు డాక్టరు’, ‘వీడు మోసగాడు’ అని ప్రేక్షకుడికి తెలిసిపోవాలి. లె మెజరర్‌కు ఆ పనిలోనే చెయ్యి తిరిగింది.

అలాంటి నటుడు కథకు ఎంత అవసరమో తెలియాలంటే 1959 నాటి ‘ఐయామ్ ఆల్ రైట్ జాక్’ చూడాలి. బౌల్టింగ్ సోదరులు తీసిన ఈ చిత్రంలో యజమానుల దురాశకూ యూనియన్ మొండితనానికీ సమానంగా వాతలు పడతాయి. అందులో లె మెజరర్ ఏ పనికి ఎంత సమయం పడుతుందో కొలిచే నిపుణుడు. నిలబడ్డచోటే ముఖం అదురుతుంటుంది. లోకం తెలియని కుర్రాడు ఒకడు, ఇయాన్ కార్మైకేల్ పోషించిన స్టాన్లీ, సరుకు మోసే బండిని నిజంగా ఎంత వేగంగా నడపవచ్చో అమాయకంగా ఈయనకు చూపించేస్తాడు. ఆ లెక్క బయటపడగానే యూనియన్ నాయకుడు, అంటే పీటర్ సెల్లర్స్, సమ్మెకు పిలుపునిస్తాడు. సినిమా మొత్తం సెల్లర్స్‌దే అనిపిస్తుంది కానీ, కథ ఇరుసు ఈ చిన్న పాత్ర దగ్గరే ఉంది. లె మెజరర్ కాస్త ఎక్కువ చేసి ఉంటే స్టాన్లీ ఆయన్ని నమ్మడం మనకు అబద్ధంగా తోచేది. అంత అదుపు హీరోలకూ అరుదు.

అయితే ఈ బతుకులో ఒక శిక్ష కూడా ఉంది. ఒకసారి నప్పిన వేషమే మళ్లీ మళ్లీ వస్తుంది. ‘బెన్ హర్’లో వైద్యుడు, ‘ద పింక్ పాంథర్’లో లాయరు, ‘ది ఇటాలియన్ జాబ్’లో జైలు గవర్నరు. లా ఆఫీసు వదిలి పారిపోయిన మనిషి తెర మీద జీవితమంతా ఆఫీసు బల్లల వెనకే గడిపారు.

1960 నాటికి టికెట్ల అమ్మకం 50 కోట్లకు పడిపోయింది. జనం ఇంట్లో టీవీ ముందు కూర్చున్నారు, నటులూ అటే నడిచారు. 1968లో మొదలైన, యుద్ధకాలపు స్థానిక స్వచ్ఛంద దళం మీద అల్లిన టీవీ హాస్య ధారావాహిక ‘డాడ్స్ ఆర్మీ’లో సార్జెంట్ విల్సన్‌గా లె మెజరర్ ఇంటింటి మనిషి అయ్యారు. బ్యాంకు మేనేజరు కెప్టెన్, గొప్ప ఇంటి గుమస్తా అతని కింద సార్జెంటు. కెప్టెన్ వేషంలో నటుడు ఆర్థర్ లో గట్టిగా ఆజ్ఞాపిస్తుంటే, ఈయన ఆ ఆజ్ఞ నిజంగా అవసరమా అన్నట్టు మృదువుగా చూస్తారు. బ్రిటిష్ వర్గభేదం మీద ఇంత నెమ్మదైన వ్యాఖ్య మరొకటి నేను చూడలేదు.

ప్రధాన పాత్ర అందేసరికి ఆయనకు 59 ఏళ్లు వచ్చాయి. డెనిస్ పాటర్ రాసిన ‘ట్రెయిటర్’ అనే టీవీ నాటకంలో, మాస్కోకు పారిపోయిన బ్రిటిష్ గూఢచారిగా నటించి బ్రిటిష్ అకాడమీ ఉత్తమ నటుడి అవార్డు అందుకున్నారు. 1983లో చనిపోయేదాకా నటిస్తూనే ఉన్నారు. ఆయన్ని కొత్తగా చూడబోయేవారు ముందు ‘ఐయామ్ ఆల్ రైట్ జాక్’ చూడండి, ఆ వెంటనే ‘ట్రెయిటర్’ చూడండి.